మారుతండ్రి - మారుపేరు: ‘ది స్టెప్‌ఫాదర్’ (1987) చిత్రంలో కుటుంబ వ్యామోహం

వ్యాససంగ్రహం:

జోసెఫ్ రూబెన్ దర్శకత్వంలో 1987లో విడుదలైన ‘ది స్టెప్‌ఫాదర్’ కుటుంబాన్నే భయానికి ఆశ్రయంగా చేసుకున్న అమెరికన్ హారర్ థ్రిల్లర్. పిల్లలున్న ఒంటరి స్త్రీని పెళ్ళాడి, ఆ కుటుంబం తన ఊహకు సరిపోలనప్పుడు అందరినీ చంపి, పేరు మార్చుకొని మరో ఊరికి వెళ్ళిపోయే వ్యక్తి కథ ఇది. తెలుగు బంధుత్వ పదజాలం, రససిద్ధాంతం, వితంతు పునర్వివాహ చరిత్ర అనే మూడు ఆధారాలతో ఈ వ్యాసం ఆ చిత్రాన్ని పరిశీలిస్తుంది. చిత్రం నిందిస్తున్నది మారు బంధుత్వాన్నా, లేక లోపమెరుగని కుటుంబమనే ఊహనా అన్నది ఇందులోని ప్రధాన ప్రశ్న.

కీలకపదాలు: మారుతండ్రి, కుటుంబ వ్యామోహం, భయానకరసం, మేనమామ, పునర్వివాహం, హారర్ చిత్రవిమర్శ.

1.0 ప్రవేశిక:

తులనాత్మక అధ్యయనం పాఠ్యాంశంలో భాగంగా ఒకసారి స్నాతకోత్తర విద్యార్థులకు ఈ చిత్రాన్ని ప్రదర్శించాను. సూసన్ నేలమాళిగ మెట్ల మీదుగా దొర్లిపడే ఘట్టం దగ్గర వెనుక బల్ల నుండి ఒక విద్యార్థిని, “అందుకే పిల్లలున్నవాళ్ళు రెండో పెళ్ళి చేసుకోకూడదంటారు” అన్నది. కొందరు నవ్వారు. ఆ మాటలో ద్వేషం లేదు. ఇంట్లో పెద్దల నోట విని ఉంటుంది. అప్పటికప్పుడు నేను సరైన సమాధానం చెప్పలేకపోయాను. చిత్రం అలాంటి అర్థానికి చోటివ్వడం లేదని బల్లగుద్ది చెప్పడానికి నాకూ ధైర్యం చాలలేదు. ఈ వ్యాసానికి మూలం ఆ మౌనమే.

హారర్ చిత్రాలను తెలుగు సాహిత్యశాఖలలో గంభీర పరిశీలనకు స్వీకరించడం తక్కువ. దయ్యం, చేతబడి, క్షుద్రవిద్య ఉన్న రచనలకైనా జానపద విజ్ఞానం పేరిట కొంత ఆదరణ ఉన్నది గాని, దయ్యమే లేని హారర్‌కు అదీ లేదు. ‘ది స్టెప్‌ఫాదర్’లో అతీతశక్తి ఏదీ లేదు. ఉన్నది ఒక ఇల్లు, ఒక తల్లి, పదహారేళ్ళ కూతురు, వారిని అమితంగా కోరుకునే ఒక మనిషి.

2.0 చిత్ర నేపథ్యం:

ఈ చిత్రకథను కరోలిన్ లెఫ్‌కోర్ట్, బ్రయాన్ గార్‌ఫీల్డ్, డొనాల్డ్ వెస్ట్‌లేక్ కలిసి రూపొందించగా, చిత్రానువాదం వెస్ట్‌లేక్ రచించాడు. గార్‌ఫీల్డ్, వెస్ట్‌లేక్ ఇద్దరూ నేరకథారచయితలుగా ప్రసిద్ధులు. కథకు ప్రేరణ జాన్ లిస్ట్ ఉదంతం. న్యూజెర్సీ రాష్ట్రంలోని వెస్ట్‌ఫీల్డ్‌లో 1971 నవంబరు 9న అతడు తల్లిని, భార్యను, ముగ్గురు పిల్లలను చంపి అదృశ్యమయ్యాడు. ఉద్యోగం పోయిన సంగతి దాచి, రోజూ పనికి వెళ్తున్నట్లు నటించినవాడు. దాదాపు నెలరోజుల తర్వాత గాని ఆ హత్యలు బయటపడలేదు. 1989లో ఒక టెలివిజన్ కార్యక్రమం పుణ్యమా అని పట్టుబడేనాటికి అతడు మరో పేరుతో, మరో భార్యతో కాపురం చేస్తున్నాడు. అంటే చిత్రం విడుదలైన నాటికి హంతకుడు దొరకనేలేదు. అతడు మళ్ళీ పెళ్ళి చేసుకొని ఉంటాడన్న రచయితల ఊహ, ఆ తర్వాత రెండేళ్ళకు నిజమని తేలింది. కల్పన వాస్తవం కంటే ముందు నడిచిన అరుదైన సందర్భాలలో ఇదొకటి.

అమెరికన్ హారర్ చిత్రాలలో కుటుంబం కేంద్రస్థానానికి రావడాన్ని రాబిన్ వుడ్ 1979లోనే గుర్తించాడు. సమాజం అణచివేసినది రాక్షసరూపంలో తిరిగి వస్తుందన్నది ఆయన ప్రతిపాదన. 1996లో వెలువడిన టోనీ విలియమ్స్ గ్రంథం కుటుంబ హారర్‌నే వస్తువుగా తీసుకొన్నది. ఈ చిత్రాన్ని రీగన్ కాలపు ‘కుటుంబ విలువల’ నినాదానికి ప్రతిస్పందనగా చదవడం ఆంగ్ల విమర్శలో పరిపాటి. అది సమంజసమే. అయితే ఆ చదువు మన ప్రశ్నకు జవాబు చెప్పదు. రీగన్ నినాదం తెలియని ప్రేక్షకురాలు మా తరగతిలో ఆ మాట ఎందుకన్నదో తెలుసుకోవాలంటే మన భాష వైపు తిరగాలి.

3.0 తొలి ఘట్టం - బీభత్సం నుండి భయానకం:

చిత్రారంభంలో గడ్డం, నెత్తుటి మరకలున్న ముఖంతో ఒక వ్యక్తి అద్దం ముందు నిలబడతాడు. స్నానం చేస్తాడు. గడ్డం తీసేస్తాడు. కళ్ళజోడు స్థానంలో కాంటాక్ట్ లెన్సులు పెట్టుకుంటాడు. చక్కని దుస్తులు ధరించి, పెట్టె పట్టుకొని బయలుదేరుతూ దారికి అడ్డంగా ఉన్న పిల్లల ఆటబొమ్మలను తీసి యథాస్థానంలో పెడతాడు. మెట్లు దిగుతాడు. కింద హాలులో భార్యాపిల్లల శవాలున్నాయి. వాటివైపు చూడకుండా తలుపు తీసుకొని, ఈల వేసుకుంటూ వీధిలోకి వెళ్ళిపోతాడు.

ఈ ఘట్టంలో మాటలు లేవు. హత్య కూడా లేదు. హత్యానంతర శుభ్రత ఉన్నది. బొమ్మలను సర్దే ఆ చేతిలోనే పాత్ర యావత్తూ ఉన్నది. ఇల్లు చెదరి ఉండటం అతడు భరించలేడు. పిల్లలు లేకపోయినా, పిల్లల బొమ్మలు మాత్రం బుట్టలో ఉండాలి. బీభత్సం నుండి భయానకం పుడుతుందని భరతుడు నాట్యశాస్త్రంలో చెప్పిన క్రమం ఇక్కడ అక్షరాలా కనబడుతుంది. రక్తాన్ని, శవాలను మొదటి నిమిషాలలోనే చూపి జుగుప్సను ముగించేసిన దర్శకుడు, తర్వాతి కథ చాలావరకు భయం మీదనే నడిపిస్తాడు. ఏడాది తర్వాత అదే మనిషి జెర్రీ బ్లేక్ అనే పేరుతో, నవ్వుముఖంతో, సూసన్‌కు భర్తగా ప్రత్యక్షమవుతాడు. బల్ల మీద భోజనం, పెరట్లో విందు, కూతురికి కానుకగా కుక్కపిల్ల - ఇవన్నీ మామూలు సంసారంలోని మామూలు విషయాలు. తొలి ఘట్టం చూసిన మనకు మాత్రం ఏదీ మామూలుగా కనబడదు. విభావం మారలేదు, ప్రేక్షకుని ఎరుక మారింది. ఆశ్చర్యానికి, ఉత్కంఠకు మధ్య హిచ్‌కాక్ చెప్పిన భేదం ఇదే: బల్ల కింద బాంబున్నదని ప్రేక్షకునికి ముందే తెలియాలి.

టెర్రీ ఓక్విన్ నటన ఈ ఎరుకను కాపాడుతుంది. అతడు జెర్రీని కపటిగా నటించలేదు. కుటుంబం మీద ప్రేమను నటించేవాడు సామాన్య ప్రతినాయకుడు. జెర్రీ నిజంగానే ప్రేమిస్తున్నాడు, కాకపోతే అతడు ప్రేమిస్తున్నది ఎదుట కూర్చున్న మనుషులను కాదు.

4.0 ‘మారు’ అన్న మాట:

స్టెప్‌ఫాదర్ అన్న పదానికి తెలుగులో రెండు మాటలు వాడుతున్నాం. ‘సవతి తండ్రి’ మొదటిది. సవతి అనేది ‘సపత్ని’కి తద్భవం, భర్తను పంచుకొన్న స్త్రీని తెలిపే మాట. సవతి తల్లి అనడంలో అర్థమున్నది గాని, సవతి తండ్రి అన్న కూర్పులో అర్థం కుదరదు. సవతి తల్లిని చూసి అచ్చు పోసుకొన్న మాట అది. రెండవది ‘మారుతండ్రి’. ఇది ఈ చిత్రానికి ఆశ్చర్యకరంగా సరిపోతుంది. మారుపేరు, మారువేషం, మారుతండ్రి - మూడింటా ఒకే ‘మారు’. హెన్రీ మోరిసన్, జెర్రీ బ్లేక్, బిల్ హాడ్కిన్స్ - ఊరు మారినప్పుడల్లా ఈ మనిషికి మారే పేర్లివి. అసలు పేరేమిటో చిత్రం చివరిదాకా చెప్పదు. ఆంగ్ల పదంలో లేని ఈ ధ్వని తెలుగు పాఠకునికి అప్రయత్నంగా అందుతుంది.

మరో మాట ‘ఇంటివాడు’. పెళ్ళి చేసుకొన్నవాణ్ణి ‘ఒక ఇంటివాడయ్యాడు’ అంటాం. వంశనామాన్ని ‘ఇంటిపేరు’ అంటాం. పెళ్ళి, పేరు, ఇల్లు మన భాషలో ఒకే మూలం నుండి పలుకుతాయి. జెర్రీ వృత్తి ఇళ్ళు అమ్మడం. విందుకు వచ్చిన ఇరుగుపొరుగులో అతడు ఇళ్ళు అమ్మిపెట్టిన కుటుంబాలున్నాయి. పదే పదే ఇంటివాడు కావాలనే తపన, అందుకై పదే పదే ఇంటిపేరు మార్చుకోవడం - ఈ వైరుధ్యమే అతని రోగం. ఇంటిని వస్తువుగా అమ్మగలిగినవాడు కుటుంబాన్ని కూడా వస్తువుగానే చూస్తాడు: నచ్చకపోతే ఖాళీ చేసి మరొకటి చూసుకోవచ్చు.

ఈ దృష్టితో చూస్తే కథలోని రెండు సన్నివేశాలకు ప్రత్యేక బలం వస్తుంది. పాత హత్యలను గుర్తుచేసే పత్రికాకథనం విందునాడు జెర్రీ కంటబడుతుంది. నేలమాళిగలోకి వెళ్ళి తనలో తానే అరుస్తూ విరుచుకుపడతాడు. అక్కడే ఉన్న స్టెఫానీ అదంతా చూస్తుంది. ఆమె ఉనికి తెలిసిన మరుక్షణం అతని ముఖం మీదకు పాత నవ్వు వచ్చేస్తుంది. పైన విందు, కింద రోదన. ఇంటి నిర్మాణమే మనసు నిర్మాణం. పెరో 1697లో లిఖితబద్ధం చేసిన నీలిగడ్డం మొగుడి కథలో తెరవకూడని గది ఒకటుంటుంది. ఇక్కడ గదికి తాళం లేదు. తాళం ముఖానికున్నది.

రెండవది సూసన్‌తో మాట్లాడే సన్నివేశం. అప్పటికే అతడు ఉద్యోగం మానేసి, మరో ఊళ్ళో మరో పేరుతో బీమా వ్యాపారిగా స్థిరపడి, మరో స్త్రీతో పరిచయం పెంచుకొంటున్నాడు. ఆఫీసుకు ఫోను చేసి సంగతి తెలుసుకొన్న సూసన్ ప్రశ్నిస్తుంది. సర్దిచెప్పబోతూ అతడు పేర్లు కలిపేసుకొని, ఈ ఇంట్లో తానెవరో గుర్తురాక ఆగిపోతాడు. ఆ సందేహం పైకే అంటాడు. సూసన్ అమాయకంగా అతని పేరు అందిస్తుంది. చేతిలోని టెలిఫోనుతో ఆమెను కొడతాడు. చిత్రమంతటిలో నన్ను అత్యంత భయపెట్టినది ఆ దెబ్బ కాదు, దాని ముందున్న రెండు క్షణాల ఖాళీ. మారుపేర్లన్నీ తొలగిస్తే అక్కడ మనిషే లేడు.

5.0 మేనమామ రాక:

చిత్రంలో ఒక ఉపకథ ఉన్నది. హతురాలైన మొదటి భార్యకు తమ్ముడో అన్నో అయిన జిమ్ ఓగిల్వీ, పోలీసుల నిరాసక్తతకు విసిగి హంతకుణ్ణి తానే వెదుకుతుంటాడు. ఆంగ్ల విమర్శలో అతణ్ణి బావమరిదిగా మాత్రమే పేర్కొంటారు. తెలుగులో అతడు చనిపోయిన పిల్లలకు మేనమామ. ఈ ఒక్క మాటతో ఆ పాత్ర బరువు మారిపోతుంది. చెవులు కుట్టించేటప్పుడు ఒళ్ళో కూర్చోబెట్టుకోవడం మొదలు పెళ్ళికూతుర్ని గంపలో మోసుకురావడం దాకా మేనమామకు మన ఆచారాలలో నియతమైన స్థానమున్నది. తండ్రి తర్వాతి దిక్కు అతడే. కనుక ఓగిల్వీ ఇల్లిల్లూ తిరుగుతూ చివరికి సూసన్ ఇంటి తలుపు తీసినప్పుడు తెలుగు ప్రేక్షకునికి గుండె కుదుటపడుతుంది. మేనమామ వచ్చాడు, ఇక భయం లేదు.

లోపల అడుగుపెట్టిన కాసేపటికే అతడు కత్తిపోటుకు నేలకూలతాడు. తుపాకీ వెలికి తీసే వ్యవధి కూడా అతనికి దొరకదు. అంతసేపు పెంచిన ఉపకథను అంత క్షణంలో తుంచడం చూసి, మొదటిసారి నాకది రచనాలోపంగా తోచింది. ఓగిల్వీ అన్వేషణ కొంత సాగదీతగా ఉన్నదన్న అభిప్రాయం ఇప్పటికీ మారలేదు గాని, ఆ మరణం లోపం కాదు. స్టెఫానీని నమ్మిన డాక్టర్ బాండ్యురాంట్ గతి కూడా అంతే. మారుపేరుతో, ఇల్లు కొనేవాడిలా వచ్చి, జెర్రీ వ్యక్తిగత విషయాలు ఆరా తీయబోయిన అతణ్ణి జెర్రీ ఒక ఖాళీ ఇంట్లోనే కొట్టి చంపుతాడు. రక్షకులుగా వచ్చిన మగవారంతా ఇంటి లోపలే ఓడిపోతారు. గాయపడిన సూసన్ ఓగిల్వీ తుపాకీతో భర్తను కాలుస్తుంది. స్టెఫానీ కత్తితో పొడుస్తుంది. మేనమామ ఆయుధం తల్లి చేతికి అందడంలో గాని కథకు దారి దొరకలేదు.

కారల్ క్లోవర్ 1987లో హారర్ చిత్రాల చివరికి మిగిలే యువతి పాత్రను ఒక విమర్శభావనగా ప్రతిపాదించింది. ఆ పద్ధతి చిత్రాలలో ఆ యువతి ఒంటరి. ఈ చిత్రంలో మిగిలినవారు ఇద్దరు. అందులో ఒకరు ఆ హంతకుణ్ణి ఇంటికి తెచ్చుకొన్న తల్లి. ఈ భేదం చిన్నది కాదు.

6.0 పునర్వివాహ ప్రశ్న:

ఇప్పుడు ఆ విద్యార్థిని మాటకు రావచ్చు. మన కథాసంప్రదాయంలో సవతి తల్లికి కొదవ లేదు. ధ్రువుణ్ణి తండ్రి ఒడి నుండి దింపిన సురుచి, రాముణ్ణి అడవికి పంపిన కైకేయి, సారంగధరుణ్ణి కోరి కాదనిపించుకొని దండన వేయించిన చిత్రాంగి - పురాణం నుండి నాటకం, సినిమా దాకా ఆ వరుస సాగింది. మారుతండ్రి మాత్రం నాకు తెలిసిన మేరకు మన పాత కథలలో లేనట్లే. కారణం ఊహించడం కష్టం కాదు. భార్య పోయిన పురుషుడు మళ్ళీ పెళ్ళి చేసుకొన్నాడు. అనేక కులాలలో భర్త పోయిన స్త్రీకి ఆ అవకాశం లేదు. 1856లో చట్టం వచ్చింది. 1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరంలో వీరేశలింగం తొలి వితంతు వివాహం జరిపించాడు. అయినా ఆ సంస్కరణోద్యమం ప్రధానంగా ఊహించుకొన్న వితంతువు బాల్యంలోనే భర్తను కోల్పోయిన, పిల్లలు లేని బాలిక. కన్యాశుల్కంలోని బుచ్చమ్మ అటువంటిదే. పదహారేళ్ళ కూతురున్న నడివయసు స్త్రీకి తోడు కావాలనిపించవచ్చునన్న ఊహకు ఆ చర్చలో చోటు తక్కువ. కాబట్టి మారుతండ్రి అనే బంధానికి మన దగ్గర మంచి కథా లేదు, చెడ్డ కథా లేదు. ఖాళీగా ఉన్న ఆ చోటులోకి జెర్రీ బ్లేక్ వస్తే, అతడే ఆ బంధానికి నిర్వచనమైపోయే ప్రమాదమున్నది. తరగతిలో జరిగినది అదే.

చిత్రం ఇందుకు పూర్తిగా నిర్దోషి అనలేను. సూసన్ ఒంటరితనం చాలాసేపు కేవలం కథకు అవసరమైన అమాయకత్వంగా ఉండిపోతుంది. ఏడాది కిందట పోయిన భర్తను గురించి ఆమెకు, కూతురికి మధ్య జరగవలసిన సంభాషణ అంతంతమాత్రమే. కూతురు అనుమానం చెప్పినప్పుడు తల్లి కొట్టిపారేస్తుంది. మనమూ ఆమెను తప్పుపడతాం. హంతకుని నేరంలో కొంత వంతు నమ్మినవారి మీదకు జారడం ఈ తరహా చిత్రాలకున్న చెడ్డ అలవాటు.

అయినప్పటికీ చిత్రం నిలుపుకొన్న తర్కం మరో దిశలో ఉన్నది. తొలి ఘట్టంలో చనిపోయిన కుటుంబం గురించి, జెర్రీ పని మీద నోరు జారిన మాటల గురించి ఆలోచిస్తే, అతని కోపానికి కారణం ఎక్కడా రక్తసంబంధం లేకపోవడం కాదు. పిల్లలు ఎదురు చెప్పడం, బడిలో గొడవపడటం, ఒక కుర్రవాడికి గుమ్మం ముందు ముద్దివ్వడం - ఇవీ కారణాలు. స్టెఫానీని సాగనంపడానికి వచ్చిన పాల్ మీద అతడు అత్యాచారయత్నం నేరం మోపబోతాడు. ఆ ఆరోపణను సొంత తండ్రి చేసినా మన ఇళ్ళలో వింతగా ఉండదు. 1954 నుండి 1960 దాకా అమెరికన్ టెలివిజన్‌లో ప్రసారమైన ‘ఫాదర్ నోస్ బెస్ట్’ వంటి ధారావాహికలలోని తండ్రినే జెర్రీ తానుగా ఊహించుకొంటున్నాడు. ఆ తండ్రి మారుతండ్రి కాదు, కన్నతండ్రి.

మనకూ ఒక కన్నతండ్రి ఉన్నాడు. భాగవతం సప్తమస్కంధంలో హిరణ్యకశిపుడు కొడుకును ఒడిలో కూర్చోబెట్టుకొని, ఏం చదువుకొన్నావని ముద్దుగానే అడుగుతాడు. తాను కోరని జవాబు వచ్చినప్పుడు గాని గజాలు, సర్పాలు, అగ్ని రావు. భక్తితత్త్వం వేరు, పోలిక ఇంతవరకే. కాని ఒడి నుండి హింసకు దూరం ఎంత తక్కువో చూపడంలో ఆ ఘట్టానికి ఈ చిత్రానికి చుట్టరికమున్నది. కోరిన కుటుంబానికి, ఉన్న కుటుంబానికి మధ్య తేడాను సహించలేనితనం రక్తం చూసి పుట్టదు. ఆ విద్యార్థినికి ఆనాడు నేను చెప్పవలసినది ఇదే: సూసన్ తప్పు రెండో పెళ్ళి కాదు, బడి, ఇరుగుపొరుగు, ఆఫీసు అందరూ మెచ్చుకొన్న మనిషినే ఆమె పెళ్ళాడింది. అతడు వాళ్ళందరూ అడిగిన తండ్రే.

స్టెఫానీ మాట చెల్లకపోవడం కూడా ఇక్కడే అర్థమవుతుంది. పాత హంతకుని ఫోటో పంపమని ఆమె పత్రికకు ఉత్తరం రాస్తుంది. వచ్చిన కవరును జెర్రీ ముందే తీసి, లోపల వేరే మనిషి ఫోటో పెట్టి, మళ్ళీ అతికిస్తాడు. రుజువు చేతికందిన తర్వాత ఆమె తన అనుమానానికి తానే సిగ్గుపడుతుంది. ఇంట్లోని హింసను గురించి చెప్పబోయిన ఆడపిల్లకు ఆమె బుద్ధి మీదనే ఆమెకు నమ్మకం పోగొట్టడం ఎలా జరుగుతుందో చూపడానికి ఈ ఒక్క కవరు చాలు. విద్యార్థులతో చర్చించవలసినది మెట్ల ఘట్టాన్ని కాదు, కవరు ఘట్టాన్ని అని ఇప్పుడనిపిస్తున్నది.

7.0 తర్వాతి రూపాలు:

1989, 1992 సంవత్సరాలలో వచ్చిన కొనసాగింపు చిత్రాలు మొదటి చిత్రం బలాన్ని వాడుకొన్నవే గాని పెంచినవి కావు. 2009 పునర్నిర్మాణంలో కూతురి స్థానంలోకి కొడుకు వచ్చాడు. సైనిక పాఠశాల నుండి తిరిగివచ్చిన యువకుడికి, కొత్తగా వచ్చిన పురుషుడికి మధ్య పోరుగా కథ మారిపోయింది. ఇంటి పెద్ద ఎవరన్న ప్రశ్న అందులో మిగిలింది. ఇంటికి అలాంటి పెద్ద అవసరమా అన్న ప్రశ్న పోయింది.

8.0 పక్షిగూడు:

జెర్రీ నేలమాళిగలోని తన కార్ఖానాలో చెక్కతో పక్షిగూడు ఒకటి చేస్తాడు. కప్పు, గుమ్మం ఉన్న బొమ్మ ఇల్లు అది. డాక్టర్ మరణానంతరం దగ్గరైన రోజులలో స్టెఫానీ కూడా చేయి వేయగా, దానిని పొడవాటి స్తంభం మీద పెరట్లో నిలబెడతారు. పక్షి తన గూడు తానే కట్టుకొంటుంది. దాని తరఫున ముందే ఇల్లు కట్టి, వచ్చి ఉండమని ఎదురుచూసేది మనిషే. జెర్రీ కుటుంబాల విషయంలో చేసినదీ అదే పని. గూడు ముందు సిద్ధమవుతుంది, అందులో ఇమడవలసిన ప్రాణులు తర్వాత.

చిత్రాంతంలో స్టెఫానీ రంపం తీసుకొని ఆ స్తంభాన్ని కోస్తుంది. నేపథ్యంలో విజయధ్వనులేమీ ఉండవు. పోలీసులు, పత్రికలవారు, సానుభూతిపరులు కనబడరు. జెర్రీ స్థానంలో మంచి తండ్రి ఒకడు వస్తాడన్న సూచన కూడా లేదు. కోత పూర్తయి గూడు నేలమీద పడుతుంది. ఇంట్లో ఇద్దరు స్త్రీలున్నారు, ఆ ఇంటికి ఏ పేరూ పెట్టకుండానే చిత్రం ఆగిపోతుంది.